వాగు లేని పుస్తకం

మా యజమాని పోయి ఏడాది కావస్తోంది. సంవత్సరీకానికి ఒక సంస్మరణ సంచిక వేస్తున్నామని, అందులో నా జ్ఞాపకం కూడా ఉండాలని వాళ్లబ్బాయి ఫోన్ చేశాడు. "ఆంటీ, నాన్నగారి దగ్గర అందరికంటే ఎక్కువ కాలం పనిచేసింది మీరే కదా. ఏదైనా ఒక సంఘటన రాసివ్వండి," అన్నాడు. రాసిచ్చాను. కొద్దిరోజులకు మళ్లీ ఫోన్. "ఇది కాదాంటీ... ఏదైనా మంచి సంగతి రాయండి. అందరూ చదువుతారు కదా."

మంచి సంగతి! ఒళ్లు మండిపోయింది నాకు. అందరూ చదవాలనే కదా రాసింది! అతను వద్దన్న సంగతే ఇక్కడ పెడుతున్నాను. ముఖ్యంగా పుస్తకాల పనిలోకి కొత్తగా వస్తున్న పిల్లలు చదవాలి. ల్యాప్‌టాప్ ముందు కూర్చుని ఒక్క మీట నొక్కి పేజీలకు పేజీలు లేపేస్తుంటారు మీరు. లేపేసేముందు ఆ పేజీలో ఏముందో చదువుతున్నారా లేదా అన్నదే నా గొడవంతా.

ఖమ్మంలో ఆ ప్రచురణ సంస్థలో నేను ప్రూఫ్ రీడర్‌గా చేరాను, ఎడిటర్‌గా బయటికొచ్చాను. బయటికొచ్చాను అనడంలో మర్యాద ఉంది గానీ, నిజానికి చెప్పులేసుకుని నడిచి వచ్చేశాను. మా యజమాని మధిర వైపు మనిషి. మాట మెత్తన. పదో తరగతి గైడ్లతో మొదలుపెట్టి, భద్రాచలం యాత్రికులకు భజన పుస్తకాలు అమ్మి, ఆ తర్వాత బడుల లైబ్రరీలకు పుస్తకాలు సప్లై చేసే స్థాయికి వచ్చారు. ఆయనకు పుస్తకాల మీద ప్రేమ లేదని నేననను. ఉంది. కిరాణా షావుకారుకు బస్తాల మీద ఉండే ప్రేమ లాంటిది.

ఆయన గదిలో దేవుడి పటాల పక్కన ఒక గడ్డపాయన ఫోటో ఉండేది. కొత్తగా వచ్చినవాళ్లు ఎవరో స్వామీజీ అనుకుని దండం పెట్టేవాళ్లు. కాదు. పంతొమ్మిదో శతాబ్దంలో అమెరికాలో పుస్తకాలు వేసి కోట్లకు పడగెత్తిన ఒక పబ్లిషర్ ఆయన. హైదరాబాద్‌లో ఏదో మీటింగుకు పోయినప్పుడు ఆయన జీవితచరిత్ర ఇంగ్లీషులో కొనుక్కొచ్చి, "అమ్మా, ఇది నాకోసం తెలుగు చేసిపెట్టు, చదువుకుంటా," అని నా నెత్తిన పెట్టారు. చేసిపెట్టాను. ఆ గడ్డపాయన గుర్రబ్బండ్ల మీద ఏజెంట్లను పల్లెలకు పంపేవాడట. వాళ్లు రైతుల గుమ్మాల్లో నిలబడి నమూనా పేజీలు చూపించి, ఇంకా అచ్చే కాని పుస్తకాలకు ఆర్డర్లు పట్టుకొచ్చేవాళ్లట. మా యజమాని ఆ భాగం నా చేత మళ్లీ మళ్లీ చదివించుకుని మురిసిపోయేవారు. నాకు మాత్రం తెలుగు చేస్తున్నంతసేపూ ఒకటే గుచ్చుకునేది. ఎలా అమ్మాడో ఉంది, ఎంత ఎదిగాడో ఉంది. ఆ పుస్తకాల్లో ఏముందో, చదివినవాళ్లు ఏమయ్యారో ఒక్క ముక్క లేదు. అదే మాట అడిగితే ఆయన నవ్వారు. "పబ్లిషర్ జీవితంలో అవన్నీ ఎందుకమ్మా?"

ఇక ఫారం గురించి చెప్పాలి. కొంప ముంచింది అదే కాబట్టి చెప్పక తప్పదు. పుస్తకం ఒక్కో పేజీగా అచ్చుకాదు. పెద్ద కాగితం మీద పదహారు పేజీలు ఒకేసారి వేసి, మడతపెట్టి కుడతారు. ఆ మడతను ఫారం అంటాం. పేజీలు ఫారాలకు సరిగ్గా సరిపోతే సరే. రెండు పేజీలు ఎక్కువైతే వాటికోసం ఇంకో ఫారం ఎత్తాలి, అందులో మిగిలిన పేజీలన్నీ తెల్లగా పోతాయి. తెల్ల పేజీ కనబడితే మా యజమాని కాగితం ఖర్చు లెక్కలు తీసేవారు. "తెల్లకాగితం అమ్ముకునేవాణ్నైతే సారపాక పోయి కాగితం మిల్లు పెట్టుకునేవాణ్ని కదమ్మా, ఈ పుస్తకాల గొడవెందుకు నాకు?" అనేవారు. అందుకని ఎక్కువైన పేజీలు కోసేసేవారు. కవితల పుస్తకంలోంచి ఒక కవిత పోయేది, భజన పుస్తకంలోంచి ఒక మంగళహారతి పోయేది. ఒక రచయిత ముందుమాటలో చివరి సగం కోసేస్తే, అందులో ఆయన తన భార్యకు చెప్పుకున్న కృతజ్ఞతలు కూడా పోయాయి. పాపం, ఆయన మా ఆఫీసుకొచ్చి, "ఇంట్లో అన్నం పెట్టట్లేదండీ," అని మొత్తుకున్నాడు. అప్పుడు మేమంతా పడీ పడీ నవ్వాం.

ఆశ్రమ పాఠశాలల లైబ్రరీలకు అడవి ఊళ్ల జీవితం మీద పుస్తకాలు తీసుకుంటారని ఒకరోజు కబురొచ్చింది. మా యజమాని కళ్లు మెరిశాయి. "అడవి తిండి మీద చేద్దామమ్మా. ఎవరూ వేయలేదు," అన్నారు. ఆలోచన మంచిదే, ఆ మాట ఒప్పుకుంటాను. ఆ పని నాకు అప్పగించారు.

ఏన్కూరులో బస్సు దిగి, ఆటోలో అడవి వైపు పోతే ఒక కోయగూడెం వస్తుంది. అక్కడి అంగన్‌వాడీ టీచరుతో నాకు కొంచెం పరిచయం. ఆమె నన్ను తీసుకెళ్లి వాళ్ల అత్త ముందు కూర్చోబెట్టింది. ఆ అత్తను నేను పెద్దమ్మా అని పిలిచేదాన్ని, ఆమె నన్ను బిడ్డా అనేది. ఆ ఎండాకాలం, వానలు మొదలయ్యాక కూడా, వీలు దొరికినప్పుడల్లా పోయాను. ఇప్పపువ్వు, తునికిపండు, చింతచిగురు, వానలు పడ్డాక వెదురు కొమ్ములు, పుట్టగొడుగులు, ఒక్కోటి చేసి చూపిస్తూ చెప్పేది. నేను తలవంచుకుని రాసుకుంటుంటే కసిరేది. "ఆ రాసుడు బంద్ చేసి ముందుగాల తిను. తినకుంట ఏం రాస్తవే?" ఆమెకు అక్షరం రాదు. మూడు ముక్కల్లో చెప్పాల్సింది మూడు ముక్కల్లో చెప్పేది, నాలాగా సాగదీసేది కాదు.

అన్నీ ఇంటిముందు కూర్చుని చెప్పిన మనిషి, ఒక దుంప సంగతి మాత్రం అక్కడ చెప్పనంది. "లే బిడ్డా, వాగుకాడికి పోదాం," అంది.

మూడాకుల ముళ్లతీగ కింద ఊరే దుంప అది. పచ్చిగా తిన్నా విషమే, ఊరికే ఉడకబెట్టి తిన్నా విషమే. గొంతు మండుతుంది, కళ్లు తిరుగుతాయి, ఎక్కువైతే ప్రాణం మీదికొస్తుంది. తోలు తీసి, పలచగా తరిగి, బుట్టలో వేసి, పారే నీళ్లలో రాళ్ల బరువు కింద రోజుల తరబడి ఉంచి, మధ్యమధ్య పిసికి కడిగితే ఆ విషం దిగిపోతుంది. ఆ తర్వాతే పొయ్యి మీదికి. కరువు రోజుల్లో ఆ గూడేన్ని ఎన్నోసార్లు నిలబెట్టిన దుంప. దాని గురించి చెప్పడానికి వాళ్ల ఇంట్లో ఒక పద్ధతి ఉంది. ముందు వాగు పని చెబుతారు. నీళ్లు ఎలాంటి చోట పారాలి, బుట్ట ఎలా అమర్చాలి, నీళ్ల మీద నురగ ఎన్నాళ్లు తేలుతుంది, ఎప్పుడు ఆగుతుంది, ఇవన్నీ. అంతసేపూ దుంప పేరు నోట్లోంచి రానివ్వరు. వాగు పని అంతా అయ్యాకే పేరు చెప్పి, వంట చెబుతారు.

"గట్ల ఎందుకు పెద్దమ్మా?" అనడిగాను.

"ముందుగాల పేరు చెప్పిననుకో, ఆకలైనోడు సగం ఇని లేచి పోతడు. తవ్వుకొని ఉడకేసుకుంటడు. వాగు పని ఇన్నంకనే దుంప చేతుల పెట్టాలె. మా అత్త నాకు గట్లనే చెప్పింది."

ఆ పద్ధతి నాకెంతో నచ్చింది. అలాగే రాశాను. 'వాగు పని' అని శీర్షిక పెట్టి రెండు పేజీలు, దాని వెనకే దుంప వంట. వంట మొదలయ్యేదే "వాగు పని అయిన దుంపను" అని. హెచ్చరిక అయినా వేయాల్సింది కదా అని ఇప్పుడు కొందరు తెలివిగలవాళ్లు నన్నడుగుతారు. వేశాను మహాప్రభో! ఆ రెండో పేజీ చివర గీతల డబ్బా కట్టి మరీ వేశాను. అదీ ఆ రెండు పేజీలతోపాటే కోతలో పోయింది.

ఆఖరి ప్రూఫ్ చూసి ఇచ్చేశాను. విజయవాడ ప్రెస్సులో అచ్చయి పుస్తకాలు ఖమ్మం వచ్చాయి. వెనక అట్ట మీద పెద్దమ్మ ఫోటో, ఆమె పేరు. ఎంత ముద్దుగా వచ్చిందో! ఆ సంతోషంలో ఒక కాపీ తెరిచి పేజీలు తిప్పుతున్నాను. పుట్టగొడుగుల వెనక దుంప వంట. వెనక్కి తిప్పాను, ముందుకు తిప్పాను. వాగు పని లేదు. "వాగు పని అయిన" అన్న మాట కూడా తీసేసి, "దుంపను తోలు తీసి ఉడికించి" అని శుభ్రంగా సరిచేసి పెట్టారు.

పేజీలు పెట్టే డీటీపీ ఆపరేటర్ దగ్గరికి ఉరికాను.

"సారే తీయమన్నడక్కా. ఫారానికి రెండు పేజీలెక్కువైనయంట. గిండ్ల తిండే లేదు, ఉత్త వాగు వర్ణన ఉన్నది, లేపెయ్యమన్నడు."

"నాకొక్క ఫోన్ కొట్టరాదారా?"

"నీకు చెప్పొద్దన్నడు. గొడవ జేస్తదన్నడు."

చేస్తాను! గొడవ చెయ్యడానికే కదా ఎడిటర్‌ను పెట్టుకునేది! యజమాని గదిలోకి పోయి పుస్తకం బల్ల మీద కొట్టాను. ఆ దుంప ఏమిటో, ఆ పేజీల్లో ఏముందో చెప్పాను. ఆయన ముఖం ఒక్కక్షణం పాలిపోయింది. ఆ ఒక్క క్షణం ఆయన మనిషే. తర్వాత మళ్లీ యజమాని అయిపోయారు.

"నాకేం తెలుసమ్మా, చూస్తే నీళ్లూ రాళ్లూ నురగా... కవిత్వంలా ఉంది. తిండి పుస్తకంలో కవిత్వం ఎందుకని తీయించా."

"ఇప్పుడు తెలిసింది కదా సార్. ఆపేద్దాం. మళ్లీ వేద్దాం."

"రేపు ఆవిష్కరణ పెట్టుకుని ఆపటమేంటమ్మా? అయినా అడవిలో ఉండేవాళ్లకి తెలియదా ఏంటి ఆ సంగతి?"

"ఈ పుస్తకం పోయేది హాస్టలు పిల్లల దగ్గరికి సార్. చిన్నప్పుడే గూడెం వదిలి హాస్టల్లో పడ్డ పిల్లలు. వాళ్లకెవరు చెప్తరు?"

"చీటీ అచ్చేసి అంటిద్దాం. ముందు రేపటి పని కానీయమ్మా. ఇప్పుడు చీటీలు అంటిస్తే తప్పుల పుస్తకమని లైబ్రరీవాళ్లు తిప్పి కొడతారు."

"అయితే రేపు నేనే మైకు పట్టుకుని చెప్తా."

"చెప్పమ్మా, ఎవరొద్దన్నారు?" అన్నారు మెత్తగా. అంత మెత్తగా ఎందుకన్నారో నాకు తట్టలేదు. ప్రెస్సు నుంచి ఒక కట్ట అప్పటికే నేరుగా ఆవిష్కరణ జరగబోయే బడికి పోయిందని ఆయనకు తెలుసు. నాకు చెప్పలేదు. పోయిన కట్ట గురించి ఒక్క ఫోన్ చేసినా సరిపోయేది. చేయలేదు. కోతనైనా క్షమిస్తానేమో గానీ, ఈ ఒక్క విషయం చచ్చినా క్షమించను.

ఆవిష్కరణ భద్రాచలం దారిలోని ఒక ఆడపిల్లల ఆశ్రమ పాఠశాలలో. వానలు తగ్గుముఖం పట్టిన రోజులు, చుట్టూ పచ్చగా ఉంది. షామియానా, బ్యానరు, ప్లాస్టిక్ కుర్చీలు. పెద్దమ్మనూ కోడలినీ సన్మానానికి పిలిచారు, వాళ్లు మాకంటే ముందే వచ్చారు. పుస్తకం ఆవిష్కరించాల్సిన ఆఫీసరు ఇంకా రాలేదు. నేను కారు దిగి చూసేసరికి వరండాలో బల్లలు వేసి, తెల్ల గుడ్డలు పరిచి, వాటి మీద గిన్నెలు పెట్టి ఉన్నాయి. ఇప్పపువ్వు లడ్డూలు, చింతచిగురు పచ్చడి. అతిథులను సంతోషపెట్టాలని, ముందే వచ్చిన పుస్తకాలు చూసి టీచర్లు పిల్లల చేత వంటలు చేయించారు. బల్ల చివర ఒక పెద్ద అల్యూమినియం గిన్నె. దాని మీద నుంచి ఇంకా ఆవిరి లేస్తోంది.

నేను అటు పరుగెత్తేలోపే పెద్దమ్మ ఆ గిన్నె దగ్గరికి చేరింది. ఒక ముక్క తీసి, గోటితో చిదిపి, వాసన చూసింది.

"దీన్ని ఏ వాగుల పెట్టిండ్రు?"

పక్కనున్న వార్డెన్ నవ్వుతూ చెప్పింది. "వాగేంది అవ్వా? నిన్న తవ్వి తెచ్చినం, పొద్దుగాల ఉడకబెట్టినం. నీ పుస్తకంల ఉన్నట్టే చేసినం."

పెద్దమ్మ బల్లనే రెండు చేతులతో ఎత్తి పడేసింది. లడ్డూలు, పచ్చడి, దుంపలు అన్నీ నేలపాలు. పిల్లలు కెవ్వుమన్నారు. "తిన్నరా? ఎవలన్న తిన్నరానే?" అని అరిచింది తెలుగులో, మళ్లీ కోయలో. ముగ్గురు పిల్లలు భయం భయంగా చేతులెత్తారు. ఉప్పు సరిపోయిందో లేదో చూశారట. అందరికంటే చిన్నపిల్ల అప్పటికే గోడకు ఆనుకుని కూర్చుంది. గొంతు మండుతోందని చెబితే పనిష్మెంట్ ఇస్తారేమోనని చెప్పలేదట, చిట్టితల్లి.

వెనకనుంచి ఇంకో పిల్ల ఏడుస్తూ అంది. "మా అమ్మమ్మ నీళ్లల్ల పెడ్తదని నేను చెప్పిన గద మేడం! నువ్వే ఇనలే!"

"పుస్తకంల లేదు గదనే..." అంటూ వార్డెన్ కూలబడిపోయింది. నేను ఆమెను ఏమీ అనను. ఇంట్లో అమ్మమ్మ చెప్పింది ఒకవైపు, అచ్చులో ఉన్నది ఒకవైపు. లోకమంతా అచ్చునే నమ్ముతుంది. అందుకే అచ్చువేసేవాడు భయంతో బతకాలి. మా యజమాని మాత్రం షామియానా కింద నిలబడి, ఫోన్లో ఆఫీసరుతో, "చిన్న ఇబ్బంది వచ్చింది సార్, కాస్త ఆలస్యంగా రండి," అంటున్నారు.

బడి జీపులో ముగ్గురినీ ఎక్కించి భద్రాచలం దవాఖానాకు తీసుకుపోయాం. చిన్నపిల్ల తల పెద్దమ్మ ఒడిలో ఉంది. దారిపొడుగునా వాంతులు. గోదావరి వంతెన మీదికొచ్చేసరికి ఆ పిల్ల ఒళ్లు బిగుసుకుపోవడం మొదలైంది. పెద్దమ్మ నావైపు చూసింది. ఆ చూపు నేను ఎవరికీ చెప్పలేను.

"నువ్వు రాసుకున్నవ్ గద," అంది.

"రాసిన పెద్దమ్మా. మొత్తం రాసిన. మా సారు కోసేసిండు."

"ఎందుకు?"

ఫారం గురించి ఆమెకు ఏమని చెప్పను? రెండు పేజీలు ఎక్కువయ్యాయని, తెల్లకాగితం వృథా అవుతుందని, ఒళ్లో పిల్ల కొట్టుకుంటున్న మనిషికి ఎలా చెప్పను? చెప్పాను. ఆమె విన్నది. పిల్ల మూతి తుడుస్తూ కూర్చుంది.

డాక్టర్లు మంచి మనసుతో చూశారు. ఇద్దరు పిల్లలు సాయంత్రానికి తేరుకున్నారు. చిన్నదాని సంగతి ఇంకా తేలలేదు. లోపల పెద్దమ్మ, బయట వరండాలో నేను. అప్పుడొచ్చారు మా యజమాని, బ్రెడ్డూ పండ్లూ పట్టుకుని. వెనకే విలేకరులు. నేను స్తంభం ఇవతల ఉన్నాను, ఆయనకు కనబడలేదు.

"మేం నమ్మి అచ్చేశామండీ. చదువు రాని మనిషి, పెద్ద వయసు. నీళ్లలో పెట్టాలన్న సంగతి చెప్పటం మర్చిపోయినట్టుంది. ఆమెనేం అంటాం చెప్పండి? ఖర్చంతా మేమే పెట్టుకుంటాం," అంటున్నారు ఆయన, గొంతులో జాలి ఒలకబోస్తూ.

నేను స్తంభం చాటునుంచి బయటికొచ్చాను. "ఎవరు మర్చిపోయిండ్రు? మళ్లొకసారి అను!" అన్నాను. అన్నేళ్లలో ఆయనను ఏకవచనంలో పిలవడం అదే మొదలు, అదే ఆఖరు. దవాఖానా అంతా నావైపు తిరిగింది. విలేకరులకు జరిగింది జరిగినట్టు చెప్పాను. వాళ్లు రాసుకున్నారు కూడా. ఆయన నా చేయి పట్టుకుని పక్కకు లాగారు.

"అమ్మా, కాస్త ఆలోచించు. సంస్థ పేరు పోతే నువ్వూ నేనూ అందరం రోడ్డున పడతాం. ఆమెకేం పోతుంది? ఆమేమన్నా పేపరు చదువుతుందా?"

కొట్టాలనిపించింది, కొట్టలేదు. ఇప్పటికీ అది నాకు వెలితిగానే ఉంటుంది. ఆయన చేయి విదిలించుకుని లోపలికి పోయి పెద్దమ్మ పక్కన కూర్చున్నాను. ఆ సంస్థలో మళ్లీ అడుగుపెట్టలేదు.

పేపర్లలో ఆయన చెప్పిందే వచ్చింది, వెనక అట్ట మీది పెద్దమ్మ ఫోటోతో సహా. 'నిరక్షరాస్యురాలి మతిమరుపు, విద్యార్థినులకు అస్వస్థత.' నేను చెప్పింది ఒక్క ముక్క రాలేదు. మా సంస్థ గైడ్ల ప్రకటనలు ఏటా పడేది ఆ పేపర్లలోనే. పుస్తకాలన్నీ వెనక్కి తెప్పించి చిత్తుకాగితాల కింద తూకానికి అమ్మేశారు. పెద్దమ్మ పేపరు చదవదు, నిజమే. ఆమె కోడలు చదువుతుంది. గూడెంలో చదివేవాళ్లు ఇంకా ఉన్నారు.

చిన్నపిల్ల బతికింది. ఆ పిల్లది పక్క గూడెమే. ఆ తండ్రి తన వాళ్లను వెంటబెట్టుకుని వచ్చి, వాగు సంగతి చెప్పకుండా దుంప చేతిలో పెట్టిన మనిషి ఎవరో తేల్చమని పెద్దలను కూర్చోబెట్టాడు. కోడలు ఫోన్ చేసి చెప్పింది. "మా అత్త అన్నం ముట్టుతలేదక్కా. ఇగ ఎవలన్న నా చేతి కూడు తింటరా అని అంటంది." కారేపల్లిలో మా చెల్లెలింటికి పోవాల్సిన దాన్ని, ఆ బస్సు వదిలేసి ఏన్కూరు బస్సెక్కాను.

గూడెం మధ్యలో అందరూ కూర్చుని ఉన్నారు. ఏం చెబుతావని పెద్దలు అడిగారు. ఆమె నిలబడి, ఎవరి వైపూ చూడకుండా, వాగు పని మొదలుపెట్టింది. నీళ్ల దగ్గర మొదలుపెట్టి, బుట్ట, రాయి, నురగ, ఒక్కటీ వదలకుండా ఆఖరిదాకా చెప్పుకొచ్చింది. తర్వాతే దుంప పేరు ఎత్తింది. అప్పుడు నావైపు తిరిగింది.

"నీకు గిదే చెప్పిన్నా, ఇంకోటి చెప్పిన్నా?"

"అవ్ పెద్దమ్మా, గిదే చెప్పినవ్. అక్షరం పొల్లు పోకుండా గిదే. కోసింది మావోళ్లు."

చిన్నపిల్ల తండ్రి లేచి వచ్చి పెద్దమ్మ పక్కన నేల మీద కూర్చున్నాడు. "ఆకలైతంది. ఏమన్న పెట్టు," అన్నాడు. ఆమె ఇంట్లోకి పోయి జావ తెచ్చి ఇచ్చింది. అందరి ముందు తాగాడు. పెద్దలు లేచారు.

ఆటో దాకా నాతో నడిచి వచ్చింది. నాకు గుండెల మీది బరువు దిగినట్టయింది. "నమ్మిండ్రు గద పెద్దమ్మా, ఇగ రంది పెట్టుకోకు," అన్నాను.

ఆమె నవ్వలేదు. "మావోళ్లు నమ్ముతరు బిడ్డా. నా చేతి కూడు తిని పెరిగినోళ్లు. మరి మీ ఖమ్మంల? ఆడ నన్నెరిగినోళ్లెవలు? ఆడ నా ఫోటువ ఉన్నది. నా మాటనే లేదు."

ఆటోవాడు తొందరపెడుతుంటే ఎక్కి వచ్చేశాను. తర్వాత ఎన్నో పేపరాఫీసులకు పోయాను, ఎన్నో సభల్లో చెప్పబోయాను. పోయిన గొడవ ఇప్పుడెందుకమ్మా అన్నారు. పెద్దమ్మ రెండేళ్ల కింద చనిపోయింది. మా యజమాని తర్వాత పోయారు, బాగా గౌరవంగా పోయారు.

వాళ్లబ్బాయి నా దగ్గర మంచి సంగతి అడుగుతూ, నమూనాకు ఉంటుందని సంచికలోని ఒక వ్యాసం వాట్సాప్‌లో పంపాడు. నాన్నగారి జీవితచరిత్ర అది. అందులో ఇలా ఉంది. 'ఒక గిరిజన వృద్ధురాలి మతిమరుపు వల్ల తలెత్తిన కష్టాన్ని కూడా ఆయన చిరునవ్వుతో భరించారు.' భరించారట! చిరునవ్వుతో! ఆ ఫోన్ నేలకేసి కొట్టకుండా ఎలా ఆపుకున్నానో నాకే తెలియదు.

పిల్లలూ, మీకు ఆ సంచిక చేతికొస్తే చదవండి, నాకేం అభ్యంతరం లేదు. పక్కన ఇది కూడా పెట్టుకుని చదవండి. ఖమ్మంలో ఎవరైనా ఆ ముసలామె సంగతి ఎత్తితే, తెలిసినవాళ్లుగా చెప్పండి. ఆమె మర్చిపోలేదు. ఆమె మొట్టమొదట చెప్పిందే వాగు పని.